మునగాల్సిన గుడ్డు

అప్పట్లో నాకు తెలియని సంగతంటూ ఉండేది కాదు. అప్పట్లో అంటే ఎడ్లబండ్ల కాలం అనుకునేరు. గట్టిగా లెక్కేస్తే ఐదారేళ్లు, అంతే. చేతుల్లో స్మార్ట్‌ఫోన్లు, ఫోన్లలో వాట్సాప్ గ్రూపులు అన్నీ ఉన్న కాలమే. కానీ ఇరవై మూడేళ్ల వయసులో, మెడలో కొత్తగా గుర్తింపు కార్డు వేలాడుతున్నప్పుడు మనిషికి ఒక రకమైన సర్వజ్ఞత్వం అబ్బుతుంది. నాకు అబ్బింది. నేను వ్యవసాయ విస్తరణాధికారిని. 'విస్తరణ' అన్న మాట నాకు భలే నచ్చేది. జ్ఞానమంతా పైన, పరిశోధన చేసేవాళ్ల దగ్గర నిండుగా ఉంటుందనీ, అది జిల్లా మీదుగా, మండలం మీదుగా పారుకుంటూ వచ్చి చివరికి నా నోటి గుండా రైతు చెవిలో పడుతుందనీ, ఆ రైతు చెవి అప్పటిదాకా ఖాళీగా నా కోసమే ఎదురుచూస్తూ ఉంటుందనీ నేను నిజంగా నమ్మాను. (నవ్వకండి. మీరు కూడా మీ మొదటి ఉద్యోగంలో ఏదో ఒకటి నమ్మే ఉంటారు.)

నాకూ మట్టికీ ఉన్న చుట్టరికం కూడా చెప్పాలి. మాది హన్మకొండ బజారు. కింద దుకాణం, పైన ఇల్లు. పసుపు, కుంకుమ, కర్పూరం, అగరువత్తులు అమ్ముకుని బతికే కుటుంబం. మా వంశంలో ఎవరికీ గుంట భూమి లేదు. డాక్టరు చదువుకు ర్యాంకు చాలక వ్యవసాయ కాలేజీలో చేరితే, మా బాపు "పంట పండించుడు నేర్చుకొని యాడ పండిస్తవు బిడ్డా, డాబా మీదనా?" అని అడిగాడు. ఇంకో సంగతి, అసలు కథకు ముఖ్యమైనది. మా ఇంట్లో గుడ్డు రాదు. గుడ్డు వండడం, తినడం సరే, ఆ మాట కూడా గడప దాటి లోపలికి రాదు. మూడో తరగతిలో లెక్కల్లో సున్నా వచ్చినప్పుడు తోటిపిల్లలు నేర్పినట్టుగా "గుడ్డు వచ్చింది" అని ఇంటికొచ్చి చెప్పాను. సున్నాకు పడని దెబ్బ ఆ మాటకు పడింది.

ఇక ఉద్యోగం. నర్సంపేట పోయే దారిలో మూడు ఊళ్లు కలిపి నాకు అప్పగించారు. ఐదు వేల ఎకరాలకు అటూ ఇటూగా ఉన్న ప్రతి ముక్కలోనూ ఒక అధికారి ఉండాలన్నది ఏర్పాటు. ఎవరు ఏ పంట వేశారో నమోదు చేయాలి, మట్టి నమూనాలు తీయాలి, పత్తికి పురుగొస్తే చూడాలి, పై నుంచి వచ్చిన సలహాలను రైతు వేదిక అనే మీటింగు హాలులో రైతులను కూర్చోబెట్టి చెప్పాలి. చేసిన ప్రతి పనికీ ఫోటో తీసి గ్రూపులో పెట్టాలి. ఫోటో లేని పని జరగనట్టే లెక్క. నా పైన మా మండలం సారు. ఆయన తొర్రూరు వైపు మనిషి, ఇరవై ఏళ్ల అనుభవం, దేనికీ తొణకడు. ఆయన పైన పెద్దసారు. పెద్దసారు పైన ఎవరుంటారో మాకు అనవసరం, ఎందుకంటే మా భయమంతా పెద్దసారు దగ్గరే అయిపోయేది.

వానాకాలం మొదలయ్యే ముందు, నారుమళ్లు పోసే రోజుల్లో, మండలం సారు ఫోన్ చేశాడు. ఎల్లుండి మా రైతు వేదికకు పెద్దసారు వస్తున్నాడు. ఉప్పునీళ్లలో విత్తనాలు ఎంచే పద్ధతిని రైతుల ముందు నేను చేసి చూపించాలి. పద్ధతి చాలా సులువు. టబ్బులో నీళ్లు పోసి ఒక కోడిగుడ్డు వేస్తే అడుగుకు పోతుంది. ఉప్పు కలుపుతూ పోతే నీళ్లు చిక్కబడి గుడ్డు మెల్లగా పైకి వస్తుంది. రూపాయి బిళ్లంత మేర నీటి పైన కనబడగానే ఉప్పు ఆపాలి. అప్పుడు వడ్లు పోస్తే తాలు గింజలు తేలతాయి, గట్టివి మునుగుతాయి. తేలినవి తీసి పారేసి, మునిగినవాటిని మంచినీళ్లతో కడిగి నానబెట్టుకోవాలి. కాలేజీలో ఈ పాఠం నాకు కంఠతా వచ్చు. రికార్డు పుస్తకంలో గుడ్డు బొమ్మ పెన్సిలుతో నీడలు దిద్ది మరీ వేశాను, మార్కులు కూడా వేశారు. కాకపోతే నిజం గుడ్డును నీళ్లలో వేసింది నా పక్క బెంచీ అమ్మాయి.

"సార్, గుడ్డు బదులు ఇంకేమన్న వెయ్యొచ్చా?" అని అడిగాను.

"ఏం వేస్తవమ్మా, నిమ్మకాయనా? అది ఉప్పు లేకున్నా తేలుతది. గుడ్డే కావాలె. ఒక్కటి సాలు."

ఒక్కటే కదా అని ఆయన అనుకున్నాడు. ఆ ఒక్కటి కొనడానికి నేను పడిన అవస్థ ఆయనకేం తెలుసు. మా బజారులో అందరికీ మా బాపు తెలుసు. అందుకని నాలుగు గల్లీల అవతలికి స్కూటీ మీద వెళ్లి, కళ్లు తప్ప ఏమీ కనబడకుండా ముఖానికి స్కార్ఫ్ చుట్టుకుని ఒక కిరాణా దుకాణం ముందు నిలబడ్డాను.

"గుడ్లున్నయా?"

"ఎన్ని అట్టలు?"

"ఒక్కటి."

"ఒక్క అట్టనా?"

"ఒక్క గుడ్డు."

దుకాణం ఆయన నన్ను కింది నుంచి పైదాకా చూశాడు. ఒక్క గుడ్డు కొనుక్కోవడానికి ముఖం దాచుకుని వచ్చిన ఆడపిల్లను ఆయన అంతకుముందు చూసి ఉండడు. ఏదో ఒకటి చెప్పాలి కదా అని, "ప్రభుత్వ పనికి" అన్నాను. ఆయన ఇంకేమీ అడగలేదు. గుడ్డును పేపర్ ముక్కలో చుట్టి నా చేతిలో పెడుతూ, "బాపు మంచిగున్నడా బిడ్డా? మొన్న కుంకుమ తీస్కపోవుడు మరిశిన, రేపొస్తనని చెప్పు" అన్నాడు. నేను నిలువునా కొయ్యబారిపోయాను. స్కార్ఫ్ ముఖాన్ని దాచింది గానీ గొంతును దాచలేదు. ఆయన నా భయం చూసి, "ఫికర్ చెయ్యకు, గుడ్డు సంగతి చెప్ప" అని అభయమిచ్చాడు.

గుడ్డును ఇంట్లోకి తీసుకుపోయే దారి లేదు. విత్తనాల నమూనాలు పెట్టుకునే డబ్బాలో దూది పరిచి, దాంట్లో పడుకోబెట్టి, స్కూటీ డిక్కీలో పెట్టి తాళం వేశాను. ఎల్లుండి అనుకున్నది కాస్తా పెద్దసారుకు వేరే మీటింగు పడి వాయిదా పడింది. తర్వాత యూరియా లారీల గొడవలో ఇంకోసారి పడింది. తర్వాత ఎందుకు పడిందో ఎవరూ చెప్పలేదు. మొత్తం పదిహేడు రోజులు. వానలు రావాల్సిన సమయానికి రాక ఎండలు మండిపోతున్నాయి. మధ్యాహ్నం పూట డిక్కీ మూత ముట్టుకుంటే చెయ్యి చురుక్కుమనేది. నేను మాత్రం రోజూ పొద్దున డబ్బా తెరిచి చూసేదాన్ని. గుడ్డు తెల్లగా, నున్నగా, ఎక్కడా పగలకుండా ఉండేది. ఇన్ని గుంతల రోడ్ల మీద తిరుగుతూ కూడా ఒక గుడ్డును ఇంత భద్రంగా కాపాడుతున్నానే అని నా మీద నాకే గౌరవం కలిగేది.

ఆ రోజు రానే వచ్చింది. రైతు వేదిక నిండింది. అరవై మందిదాకా ఉంటారు, ఆడవాళ్లు ఒక వైపు, మగవాళ్లు ఒక వైపు. స్టేజీ మీద పెద్దసారు, పక్కన మండలం సారు. ముందు వరుసలో మైకు మామ. పంచాయతీ మైకులో ఏ కబురు చెప్పాలన్నా ఆయనే చెబుతాడు కాబట్టి ఊరంతా ఆయన్ను అలాగే పిలుస్తుంది, నేనూ అలాగే పిలిచేదాన్ని. ఆయన తన వడ్లు తానే దాచుకుని విత్తనం చేసుకునే మనిషి. తన విత్తనంలో వంక ఉందని ఎవరైనా అంటే ఆ రోజు వాళ్లతో మాట్లాడడు. "మా వడ్లతోనే చూపెట్టుండ్రి మేడం, తాలు ఒక్క గింజ దొరికితే నన్నడుగుండ్రి" అని ఒక చిన్న బస్తా తెచ్చి ముందే పెట్టాడు.

బయట నల్లా నుంచి నీళ్లు పట్టించి నీలం రంగు టబ్బు నింపించాను. మైకు అందుకున్నాను. మూడు రాత్రులు బట్టీ పట్టిన ప్రసంగం కాబట్టి ఆగే పని లేదు. "రైతు సోదర సోదరీమణులారా, ఇది మామూలు మంచినీరు. ఇప్పుడు ఇందులో కోడిగుడ్డును వదులుతున్నాను" అంటూ, కళ్లు పెద్దసారు మీద పెట్టి, చెయ్యి మాత్రం టబ్బు వైపు చాపి గుడ్డు వదిలాను. "చూడండి, గుడ్డు అడుగుకు చేరింది. కారణం ఏమిటంటే..."

కారణం చెప్పే అవకాశం రాలేదు. మైకు మామ లేచి నిలబడి, మర్యాదగానే అన్నాడు.

"మేడం, అడుక్కు పోలే. మీదనే ఉన్నది."

చూశాను. గుడ్డు నీళ్ల మీద, పిల్లలు ఆడుకునే ప్లాస్టిక్ బంతిలాగా, సగానికి సగం పైకి తేలి, మెల్లగా గుండ్రంగా తిరుగుతోంది. వేలితో కిందికి నొక్కాను. వేలు తీయగానే మళ్లీ లేచింది. ఇంకోసారి నొక్కాను. ఇంకా హుషారుగా లేచింది. నా పుస్తకంలో, నా రికార్డులో, నా మార్కుల్లో ఎక్కడా ఇలా జరగడానికి చోటు లేదు. సరిగ్గా ఆ క్షణానే మండలం సారు ఫోటో తీసి గ్రూపులో పెట్టేశాడు. (ఉప్పు లేని నీళ్లలో తేలుతున్న ఆ గుడ్డు ఫోటోకు పై అధికారులందరూ బొటనవేళ్లు పైకెత్తారు. ఉప్పు సరిగ్గా కలిపితే గుడ్డు ఎలా తేలుతుందో ఇంత స్పష్టంగా ఎవరూ చూపించలేదని ఒకరు రాశారట.)

నిజానికి అప్పుడు "నాకు తెలియడం లేదు" అంటే సరిపోయేది. కానీ ఆ మూడు మాటలు అప్పటికి నాకు రావు. బుర్ర గిర్రున తిరిగింది. ఉప్పు ఉంటే గుడ్డు తేలుతుంది. గుడ్డు తేలింది. కాబట్టి ఉప్పు ఉంది. "ఈ ఊరి నీళ్లలోనే ఉప్పు శాతం చాలా ఎక్కువగా ఉంది" అని మైకులో ప్రకటించాను.

హాలు గొల్లుమంటుందనుకున్నాను. ఎవరూ నవ్వలేదు. దానికే నాకు ఎక్కువ భయమేసింది. అరవై మంది ముఖాలు పాలిపోయాయి. అవి ట్యాంకు నుంచి వచ్చే నీళ్లు, ఊరంతా తాగే నీళ్లు. ముందుగా వెనుక వరుస నుంచి ఒకామె, "గందుకే నా మోకాళ్లు గుంజుతానయ్" అంది. ఇంకొకాయన, "బీపీ ఉన్నది, ఉప్పు ముట్టొద్దని దవాఖానల చెప్పిండ్రు. కూరల ఉప్పు ఏసుకోక నాలుగేండ్లాయె. నీళ్లల్లనే తాగుతాన్ననా ఇన్నొద్దులు?" అని కూలబడ్డాడు. ఎవరో ఒక గ్లాసు నీళ్లు తెచ్చి రుచి చూసి, "ఔ, జర ఉప్పగనే ఉన్నయ్" అన్నాడు. వెంటనే ఇంకో పదిమందికి కూడా ఉప్పగా తగిలాయి. పెద్దసారు తన ముందున్న నీళ్ల గ్లాసును రెండు వేళ్లతో దూరంగా జరిపాడు.

ఈ గోలలో మైకు మామ ఎప్పుడు బయటికి వెళ్లాడో నేను చూడలేదు. పంచాయతీ ఆఫీసు పక్కనే. ఊరి స్తంభాల మీది మైకులన్నీ ఒకేసారి గరగరలాడాయి.

"గ్రామ ప్రజలకు తెలియజేయునది ఏమనగా, మన ఊరి నీళ్లల్ల ఉప్పు ఉన్నట్టు వ్యవసాయ మేడం గారు గుడ్డుతోని కనిపెట్టిండ్రు. నారు కోసం వడ్లు నానబోసినోళ్లు ఉన్నపళంగ నీళ్లల్లకెల్లి తీసి ఆరబెట్టుండ్రి. లేకుంటే మొలక రాదు. ఇది అర్జంటు."

మొలక రాదన్న ముక్క నేను చెప్పలేదు. కానీ ఉప్పునీళ్లు మొలకను చంపుతాయని కిందటి వారమే ఇదే హాలులో గట్టిగా చెప్పింది నేనే. మైకు మామ శ్రద్ధగా విన్నాడన్నమాట. నా ఐదు నెలల ఉద్యోగంలో నేను చెప్పిన సలహా ఒకటి ఇంత వేగంగా, ఇంటింటికీ, ఒక్క ఫోటో కూడా లేకుండా చేరడం అదే మొదటిసారి. అదేమో తప్పు సలహా.

రెండు మూడు నిమిషాలు కూడా కాలేదు, గుమ్మంలో ఒక ముసలామె నిలబడింది. చీర కొంగు నడుముకు దోపుకుని, చేతులు మోచేతుల దాకా తడిసి ఉన్నాయి. కోళ్లవ్వ. పది, పదిహేను కోళ్లు పెంచుతుంది, ఎకరన్నర పొలం తనే చేయించుకుంటుంది. మీటింగులకు ఎప్పుడూ రాదు. నా రిజిస్టర్‌లో ఆమె పేరు పక్కన 'ఆసక్తి లేదు' అని రాసి పెట్టుకున్నాను. ఆమె ఎవరినీ చూడకుండా నేరుగా నా దగ్గరికి వచ్చింది.

"బిడ్డా, నిన్న మాపటీలి నానబోసిన. మైకుల తీయుమంటాండ్రు. నువ్వు తీయుమంటే తీస్త. గని ఒక మాట చెప్పు. సగం నానినయి తీసి ఎండవెడితే మల్ల మొలుస్తయా?"

మొలవవు. ఆ సంగతి నాకు తెలుసు. నిజంగా తెలిసిన సంగతి ఆ రోజు అదొక్కటే.

"ఉన్న ఇత్తనమంత అదే," అంది ఆమె, ఫిర్యాదులాగా కాదు, సమాచారంలాగా.

నా గొంతులోంచి వచ్చిన ఒక వాక్యం ఈ మనిషి ఇంట్లో గంపలో ఉన్న గింజల దాకా పోతుందని, పోయి వాటిని చంపగలదని నేనెన్నడూ ఊహించలేదు. అంతదాకా నా మాటలు గ్రూపులో బొటనవేళ్లుగా మారడమే నాకు తెలుసు. "తీయకవ్వా," అన్నాను. "తీయకు. నాకు... నాకు తెల్వదు. ఏదో తప్పయింది. నీళ్లలో ఉప్పు ఉందో లేదో కూడా నాకు తెల్వదు." మైకు ఇంకా నా చేతిలోనే ఉంది, అది పనిచేస్తూనే ఉంది, ఆ మాటలు హాలంతా వినబడ్డాయి.

అవ్వ టబ్బులోకి వంగి చూసింది. "గిదేనా కనిపెట్టిన గుడ్డు?" అని చేత్తో తీసింది. చెవి దగ్గర పెట్టుకుని ఊపింది. లోపల ఏదో గడగడమంది. ఆమె ముఖం ఒక్కసారి మారింది.

"ఎన్నొద్దుల గుడ్డు బిడ్డా ఇది?"

"పదిహేడు."

"యాడ పెట్టినవ్?"

"బండి డిక్కీల."

"గీ ఎండలల్లనా?"

తలూపాను. అవ్వ తలెత్తి నన్ను చూసింది. కోపం లేదు ఆ చూపులో. ఇంత పెద్ద పిల్లకు ఇంత చిన్న సంగతి ఎవరూ ఎందుకు చెప్పలేదా అని దిగ్భ్రాంతి. "మురిగిన గుడ్డు ఉప్పు లేకున్నా తేలుతది బిడ్డా" అని, గుడ్డును రెండు చేతుల్లో జాగ్రత్తగా పట్టుకుని బయటికి నడిచింది. ఆమె వెనుక నేను, నా వెనుక సార్లిద్దరూ, వాళ్ల వెనుక అరవై మంది. వేదిక వెనుక గోడ దగ్గర ఒక రాయి మీద దాన్ని తట్టింది. తట్టడం కాదు, అది దానంతట అదే ఢప్పుమని పేలింది.

ఆ వాసన గురించి ఎక్కువ రాయను. పెద్దసారు జేబురుమాలు ముక్కుకు అడ్డం పెట్టుకుని జీపు దాకా వెళ్లిపోయాడు. ఇరవై ఏళ్లుగా దేనికీ తొణకని మండలం సారు గోడ పట్టుకున్నాడు. నా సంగతి చెబితే మీరు నమ్మరు. నేను జన్మలో గుడ్డు వాసన ఎరుగను కదా. గుడ్డంటేనే ఇలా ఉంటుందేమో అనుకున్నాను. ఇన్ని కోట్ల మంది రోజూ పొద్దున్నే దీన్ని ఎలా తినగలుగుతున్నారా అని నివ్వెరపోయి, "అవ్వా, దీన్నేనా తింటరు?" అని అడిగాను కూడా. అప్పుడు నవ్వారు జనం. అంతదాకా బిగబట్టుకున్న నవ్వు అంతా ఒకేసారి వచ్చింది. బీపీ ఆయన కళ్లనీళ్లు తుడుచుకుంటూ నవ్వాడు.

అవ్వ ఇంటికి పోయి ఇంకో గుడ్డు తెచ్చింది. పొద్దున పెట్టిందట. నా అరచేతిలో పెట్టింది. వెచ్చగా ఉంది. గుడ్డు వెచ్చగా ఉంటుందని నాకు తెలియదు. ఉలిక్కిపడి వదిలేయబోతే అవ్వ తన చేతిని కింద పట్టింది. "నువ్వే ఎయ్యి" అంది. ఈసారి మైకు పక్కన పెట్టాను, కళ్లు టబ్బులోనే పెట్టాను. గుడ్డు వదిలాను. అది బుద్ధిగా అడుగుకు పోయి కూర్చుంది. దొడ్డుప్పు పిడికెడు పిడికెడు వేస్తూ అవ్వ కలియబెట్టింది, నేను చూస్తూ ఉన్నాను. ఎంతసేపటికో గుడ్డు ఒక పక్కకు ఒరిగింది, లేచింది, ఊగింది, చివరికి రూపాయి బిళ్లంత పైకి వచ్చి నిలిచింది. పాఠంలో రాసినట్టే. పాఠం నిజమని అప్పుడు తెలిసింది. తెలిసినందుకు నాకంటే ఎక్కువ ఎవరూ ఆశ్చర్యపడి ఉండరు.

అప్పుడు మైకు మామ వడ్లు పోశాం. నీళ్ల మీద తాలు తెట్టెలా కట్టింది. దోసిట్లో తీస్తే దోసెడు, మళ్లీ తీస్తే ఇంకో దోసెడు. పంచాయతీ ఆఫీసు నుంచి తిరిగొచ్చిన మైకు మామ వంగి, ఒక గింజ తీసి గోటితో చీల్చాడు. లోపల ఏమీ లేదు. "ఇన్నేండ్లు ఇదంత మడిల జల్లిన్నా నేను" అన్నాడు చిన్న గొంతుతో. ఒకే గంటలో ఇద్దరు సర్వజ్ఞులం, ఒకే టబ్బు ముందు, పక్కపక్కన నిలబడి ఉన్నాం. నాకు ఆయన మీద ఒక్కసారిగా ప్రేమ పుట్టుకొచ్చింది.

కానీ ఊరి మైకు చెప్పింది చెప్పినట్టే ఉంది. "పద మేడం, నువ్వే చెప్పాలె. నేను చెప్తె మల్ల నమ్మరు" అని ఆయన నన్ను పంచాయతీ ఆఫీసుకు తీసుకుపోయాడు. మాటలు కూర్చుకునే టైము లేదు. మైకులో చెప్పాను. "నీళ్లల్ల ఉప్పు లేదు. నీళ్లు మంచివే. నా గుడ్డే మురిగింది. నానబోసిన వడ్లు తీయకండి. తీసినోళ్లు వెంటనే మళ్లీ నానబోయండి. తప్పు నాది." మూడు వీధుల్లో, పొలాల దాకా, నా గుడ్డు మురిగిన సంగతి మోగింది. ఆ తర్వాత మైకు మామను స్కూటీ వెనుక కూర్చోబెట్టుకుని ఇల్లిల్లూ తిరిగాను. రెండిళ్లలో మాత్రం గింజలు తీసి చాప మీద పోశారు, ఇంకా ఆరలేదు. దగ్గరుండి మళ్లీ నానబోయించాను. రెండు రోజులు అన్నం సయించలేదు. ఆ ఇళ్లలో ఒకదాంట్లో, నానిన వడ్లు మొలకెత్తడానికి మండె కట్టిన బస్తా విప్పి, గింజ గింజకూ తెల్లగా సూదిమొనలాంటి మొలక చూసిన రోజున ఆ ఇంటి అరుగు మీదే కూర్చుని ఏడ్చాను. ఆ ఇంటామె ఏమీ అడగకుండా టీ ఇచ్చింది.

పెద్దసారు ఏమన్నాడు అంటారేమో. జీపు ఎక్కుతూ, "ప్రదర్శన బాగుంది, గుడ్డు మార్చుకో అమ్మా" అన్నాడు. అంతే. ఊరు మాత్రం నాకు 'గుడ్డు మేడం' అని పేరు పెట్టింది. అప్పటిదాకా నాతో 'సరే మేడం' తప్ప ఇంకో మాట మాట్లాడనివాళ్లు, ఆ రోజు నుంచి దారిలో బండి ఆపి ప్రశ్నలు అడగడం మొదలుపెట్టారు. తెలియకపోతే తెలియదంటుంది అన్న ధైర్యమేమో.

అసలు దెబ్బ ఇంట్లో కాచుకుని ఉంది. హాలులో అవ్వ గుడ్డు గురించి అడిగినప్పటి నుంచి ఊరి మైకులో నేను మాట్లాడేదాకా ఎవరో వీడియో తీశారు. అది ఈ గ్రూపూ ఆ గ్రూపూ దాటి మూడో రోజుకు హన్మకొండ బజారు చేరింది. సాయంత్రం ఇంటికి వచ్చేసరికి మా అమ్మ వంటింటి గుమ్మంలో ఫోను పట్టుకుని కూర్చుని ఉంది. బాపు కింద దుకాణంలో ఉన్నాడు.

"ఇది నువ్వేనా?"

"ఔ."

"గుడ్డు ముట్టినవా?"

"ఔ అమ్మా. ఉద్యోగం కదా."

ఇక మొదలవుతుందని తల వంచుకుని నిలబడ్డాను. అమ్మ ఫోను పక్కన పెట్టింది. తర్వాత గొంతు తగ్గించి అడిగింది. "డిక్కీల పదిహేడొద్దులు పెట్టినవా? గీ ఎండలకు నాలుగొద్దులు సుత ఆగదే. గట్ల కాదు, సల్లటి ఇసుకల పెట్టాలె. గా మాత్రం తెల్వదా?"

నేను తలెత్తి చూశాను. గుడ్డు అన్న మాటకు నా వీపు మీద వేసిన చెయ్యి ఇదే. "నీకెట్ల తెలుసు?"

అమ్మ మెట్ల వైపు ఒకసారి చూసింది. "నీకు మూడేండ్లప్పుడు కాళ్లల్ల సత్తువ లేకుండె. నాలుగడుగులు ఏసి కూలబడేదానివి. పిల్లల డాక్టరు రోజుకొక గుడ్డు పెట్టుమన్నడు. మీ నాయినమ్మకు చెప్తె నన్నే ఇంట్లకెల్లి ఎల్లగొట్టేది. ఎనుక గల్లీల దవాఖానల పనిచేసే సిస్టరమ్మ ఉండె, ప్రతి ఆదివారం చర్చికి పోయేది, యాదికున్నదా? ఆమెకు చెప్పుకొని ఏడ్చిన. ఆమె వాళ్లింట్ల ఇసుక కుండల పెట్టి, రోజొకటి ఉడకబెట్టి ఇచ్చేది. ముట్టుడు నాకు చాతగాక కండ్లు మూసుకునేదాన్ని. ఆమె నా చెయ్యి పట్టుకొని తినిపించుడు నేర్పింది. నువ్వు పచ్చసొన ముందుగాల తినేదానివి."

అమ్మ పక్కన కూర్చున్నాను. "ఎన్నొద్దులు తిన్న?"

"ఏడాది," అంది అమ్మ. "మీ బాపుకు తెల్వదు. చెప్పకు." లేచి, నాకు పళ్లెం పెట్టి, ఏమీ జరగనట్టుగా బెండకాయ కూర వడ్డించింది. ఒక డాక్టరు చెప్పిన ముక్కను మా ఇంటి గడపలోంచి లోపలికి తెచ్చిన ఆ సిస్టరమ్మ మైకు పట్టుకుని చెప్పి ఉంటే మా అమ్మ వినేదా అని ఆ కూర తింటూ అనుకున్నాను. ఆ తర్వాత కూడా చాలాసార్లు అనుకున్నాను.

ఇప్పుడు నేను స్టేషన్ ఘన్‌పూర్ వైపు పనిచేస్తున్నాను. అదే ఉద్యోగం, వేరే ఊళ్లు. కొత్తగా చేరిన పిల్లలు అప్పుడప్పుడు నా దగ్గరికి నేర్చుకోవడానికి వస్తారు. ఇస్త్రీ నలగని బట్టలు, మెడలో కార్డు, నోటినిండా పాఠం. వాళ్లను చూస్తే ఆనాటి నేను కనబడుతుంది. రైతులు తన కోసమే ఎదురుచూస్తున్నారని నమ్మిన ఆ పిల్లను వెక్కిరించాలనిపించదు. ఎంత మురిపెంగా నమ్మింది, పాపం. జనం ముందు నిలబడి నోరు తెరిచే ముందు ఇప్పటికీ నా కాళ్లు కొంచెం వణుకుతాయి. మొదట్లో ఆ వణుకు పోతే బాగుండనుకునేదాన్ని. ఈమధ్య పోకుండా చూసుకుంటున్నాను.